ఏమి అడిగారో వినకుండా ఒప్పుకున్నాను

మా ప్రార్థనా మందిరంలో కీర్తనలు రెండు వరుసలుగా కూర్చుని చదువుతాం. కిటికీ వైపు వరుస ఒక చరణం చదివితే, గోడ వైపు వరుస తర్వాతి చరణం అందుకుంటుంది. ప్రతి చరణం మధ్యలోనూ ఒక చోట అందరూ ఆగాలి, ఒక్క ఊపిరి పీల్చుకునేంత సేపు. గంట కొట్టేవాళ్ళు ఉండరు, చెయ్యి ఊపేవాళ్ళు ఉండరు. పక్కవాళ్ళ గొంతు ఆగితే మన గొంతు ఆగాలి, వాళ్ళు ఎత్తుకుంటే మనం ఎత్తుకోవాలి. కొత్తగా చేరిన అమ్మాయిలకు ఆ ఆగడం పట్టుబడటానికి నెలలు పడుతుంది. నేను సిస్టర్‌నై ముప్పై ఏళ్ళు దాటాయి. నిద్రలోంచి లేపి కూర్చోబెట్టినా సరిగ్గా అక్కడే ఆగుతానని నాకు గొప్ప ధీమా ఉండేది.

ఈస్టర్‌కు ముందు వచ్చే తపస్సు కాలంలో ఒక ఉదయం ఆ ధీమా పోయింది. అందరూ ఆగారు, నేను ఆగలేదు. ఎదుటి వరుసలో ఇద్దరు తలెత్తి నా వైపు చూసేదాకా నాకు ఆ సంగతే తెలియలేదు. ప్రార్థనలో తలెత్తి చూడటం మాకు మర్యాద కాదు. అయినా చూశారంటే నేనెంత గట్టిగా చదివేశానో. పరధ్యానంలో ఉన్నానులే అనుకున్నాను. వారం తిరక్కుండా మళ్ళీ అదే జరిగింది, ఈసారి ఎదుటి వరుస చదవాల్సిన చరణాన్నే ఎత్తుకున్నాను. ఆ రోజు నుంచి చదవడం మానేసి ఊరికే పెదవులు కదపడం మొదలుపెట్టాను. దేవుడికి వినపడుతుందిలే అని సర్దిచెప్పుకున్నాను. నాకు వినపడటం లేదన్న సంగతి మాత్రం ఆయన దగ్గర కూడా ఎత్తలేదు.

నేను కరీంనగర్‌లో మా సిస్టర్ల సభ నడిపే ఆడపిల్లల కాలేజీలో తెలుగు చెబుతాను. పుట్టింది సిరిసిల్లలో, సాంచాల మధ్య. మరమగ్గాలను మా దగ్గర సాంచాలంటారు. కరీంనగర్ హాస్టల్లో ఉండి చదువుకుంటూ, నేను సిస్టర్‌నవుతానని ఇంటికి చెప్పినప్పుడు మా బాపు నాతో మాట్లాడటం మానేశాడు. మళ్ళీ మాట్లాడింది నాకు డాక్టరేట్ వచ్చినప్పుడే. వాడకట్టంతా మా బిడ్డ డాక్టరమ్మ అని చెప్పుకుని తిరిగాడు. సూది వేయడం రాని డాక్టరునని ఆయనకు చెప్పే ధైర్యం మా ఇంట్లో ఎవరికీ లేకపోయింది. అట్లాగే పోయాడు పాపం.

ఆ చదువు కూడా నేను కోరుకుని చేసింది కాదు. మా బతుకులో వంటైనా చదువైనా పెద్దవాళ్ళ ఆజ్ఞ మీదే నడుస్తుంది. పరిశోధన చెయ్యమన్నారు, చేశాను. ఏ పాటల మీద చెయ్యాలన్నది మాత్రం నాకు వదిలేశారు, అక్కడే నాకు పిచ్చి పట్టుకుంది. మొదట నేత పాటలు సేకరించాను. తర్వాత ఆదిలాబాద్ వైపు పత్తి ఏరే ఆడవాళ్ళ పాటల్లో పడ్డాను. ఆదిలాబాద్‌లో మా సిస్టర్లు ఒక చిన్న దవాఖానా నడుపుతారు. సెలవులు వస్తే బస్సెక్కి అక్కడికి పోవడం, పొద్దున్నే ఆడవాళ్ళతో కలిసి చేన్లకు నడవడం, నడుముకు ఒడి కట్టుకుని వాళ్ళ వెనక ఏరుతూ ఫోన్లో పాటలు ఎక్కించుకోవడం. ఒక చరణం తెలుగు, ఒక చరణం మరాఠీ, మధ్యలో అత్తను తిట్టే ముక్క ఏ భాషలో ఉందో వాళ్ళకే తెలియదు. నేను ఏరిన పత్తిలో సగం ఆకు చెత్తే ఉండేది, దానికి నాకు తిట్లు పడేవి. ఆ పొలాల్లో ఉన్నంత సంతోషంగా నేనెక్కడా లేను, నిజం చెప్పాలంటే మందిరంలో కూడా.

పుస్తకం సగం అయింది. మిగతా సగం పాటలు ఫోన్లోనే ఉన్నాయి, వాటిని విని రాసుకోవాలి. అదిగో అక్కడే నా ప్రాణం పోతోంది. చెవుల్లో తీగలు పెట్టుకుని, శబ్దం మొత్తం పెంచి, ఒక్క చరణాన్ని మళ్ళీ మళ్ళీ వింటాను. రాగం తెలుస్తుంది. మాట తెలియదు. పత్తి అన్నదో, బత్తి అన్నదో, అసలు ఆమె పాడుతోందో, పక్కామె నవ్వుతోందో. నేను కాక ఇంకొకరు రాద్దామన్నా, ఆ చేన్లలో ఆ ఆడవాళ్ళతో కూర్చోనివాళ్ళకు ఆ కలగలుపు మాట అంతుపట్టదు. పుస్తకం పూర్తికాకుండానే నా చెవులు మూతపడతాయన్న భయం ఒకసారి పట్టుకున్నాక అన్నం కూడా సయించలేదు.

కాలేజీలో పిల్లలకు చెవుల పరీక్ష చేసే క్యాంపు పెట్టారు. పిల్లలందరూ అయ్యాక ఎవరూ చూడకుండా నేనూ కూర్చున్నాను. డాక్టరమ్మ చిన్న వయసుది. కాగితం మీద గీతలు చూపించి, కుడి చెవి బాగా తగ్గిందని, ఎడమది కూడా ఆ దారిలోనే ఉందని, మిషన్ పెట్టుకోవాలని నెమ్మదిగా చెప్పింది. చిన్నప్పుడు పెద్ద చప్పుళ్ళ మధ్య పెరిగారా అని అడిగింది. నవ్వొచ్చింది నాకు. మిషన్ కొనాలంటే మాత్రం సొంతంగా కొనుక్కోవడానికి నా దగ్గర ఏముంది? పేదరికం వ్రతం పట్టినదాన్ని, చెప్పులు తెగినా పెద్దవాళ్ళను అడిగే కొనుక్కోవాలి. అడగాలంటే ఎందుకో చెప్పాలి. చెబితే ఏమవుతుందో నాకు తెలుసు. వినపడని సిస్టర్‌ను పాఠాలు చెప్పమనరు, ఊళ్ళు తిరగనివ్వరు. వయసు మళ్ళిన సిస్టర్ల కోసం మాకు దూరంగా ఒక ఇల్లుంది. చల్లటి ఇల్లు, మామిడి చెట్లు, వేళకు మందులు. అక్కడికి పోయినవాళ్ళెవరూ మళ్ళీ పనిలోకి రాలేదు.

సరిగ్గా అప్పుడే మదర్ విజిటేషన్‌కు వచ్చారు. మా ప్రాంతంలోని సిస్టర్ల ఇళ్ళన్నిటికీ పెద్ద ఆమె. ఏడాదికోసారి ప్రతి ఇంటికీ వచ్చి, ఒక్కొక్క సిస్టర్‌నూ విడిగా పిలిచి మాట్లాడతారు. మే నెలలో ఎవరిని ఎక్కడికి మార్చాలన్నది ఆ మాటల మీదే తేలుతుంది. గుంటూరు వైపు మనిషి, మంచిది, కానీ మాట మరీ మెత్తన. తల కొంచెం వంచి, చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని మాట్లాడే అలవాటు ఆమెకు. మాలో చాలామందికి గొంతు తగ్గించుకునే అలవాటు ఉంటుంది, ఆమెది అందరికన్నా ఎక్కువ.

నేను ముందే పోయి, వచ్చినవాళ్ళతో మాట్లాడే గది, మా పార్లర్‌లో ఏ కుర్చీలో కూర్చుంటే నా ఎడమ చెవి ఆమె వైపు ఉంటుందో చూసి పెట్టుకున్నాను. పరీక్షకు ముందు కూడా అంత తయారీ చేసి ఎరుగను. తీరా ఆమె వచ్చి, ఎండ కళ్ళలో పడుతోందంటూ కుర్చీ జరుపుకుని నా కుడి పక్కకు, కిటికీకి వీపు పెట్టి కూర్చున్నారు. ముఖమంతా నీడ. నెత్తిన ఫ్యాను కిర్రుకిర్రుమంటోంది. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

కాలేజీ గురించి అడిగారు, అది అందింది. ఆరోగ్యం గురించి అడిగారు, బాగుందన్నాను. తర్వాత రెండుసార్లు ఏమన్నారు మదర్ అని అడగాల్సి వచ్చింది. రెండోసారి అడిగినప్పుడు ఆమె నా ముఖంలోకి అదోలా చూశారు. ఆపైన కొంచెం పెద్ద మాటే ఏదో చెప్పారు. అందులో ఆదిలాబాద్ అన్నది వినపడింది, ఇబ్బంది అన్నది వినపడింది. చివర్న గొంతు పైకి లేచింది, అంటే ఏదో అడిగారు. జవాబు కోసం చూస్తున్నారు.

మూడోసారి అడగలేకపోయాను. నేను చేరిన కొత్తలో మాకు మొదట నేర్పిన పాఠం, పెద్దవాళ్ళు ఒకసారి చెబితే చాలు, రెండోసారి చెప్పించుకోవడమే తప్పు. ఎక్కడికి పొమ్మన్నా, ఏం వదిలెయ్యమన్నా ఒక్కటే జవాబు. అది ముప్పై ఏళ్ళుగా నా నాలుక మీద కాపురం చేస్తోంది, నన్నడక్కుండానే బయటికి వచ్చేసింది.

"మీ ఇష్టమే మదర్. సంతోషంగా."

ఆమె నా చెయ్యి తట్టి, మంచిది అన్నారు. నుదుటి మీద సిలువ గుర్తు వేసి పంపించారు. నా తర్వాతి సిస్టర్ లోపలికి పోయింది. నేను బయట వరండాలో నిలబడి, నేనిప్పుడు దేనికి ఒప్పుకున్నానని నన్ను నేనే అడుగుతున్నాను.

ఆ తర్వాతి రోజులు నేనెట్లా గడిపానో ఆ దేవుడికే తెలియాలి. ఆదిలాబాద్, ఇబ్బంది. ఈ రెండు మాటలు పట్టుకుని తిప్పని తీరు లేకుండా తిప్పాను. నువ్వు ఆదిలాబాద్ తిరగడం ఇంటికి ఇబ్బందిగా ఉంది, మానేస్తావా అన్నారేమో. ఆదిలాబాద్ ఇల్లు నడపడం ఇబ్బందిగా ఉంది, మూసేద్దామా అన్నారేమో. లేదా ఇబ్బంది పడుతున్నావు, మామిడి చెట్ల ఇంటికి పోయి విశ్రాంతి తీసుకుంటావా అన్నారేమో. దేనికైనా నేను సంతోషంగా అనేశాను. ఎదురింటివాళ్ళు అడిగితే ఉప్పు కూడా ఆలోచించి ఇచ్చే మనిషిని, నా బతుకును ఏమిటో తెలియకుండా ఇచ్చేశాను.

ఇంట్లో అందరి మీదా అనుమానమే. వంట చూసే సిస్టర్ ఒక రోజు నా పళ్ళెంలో ఇంకో అప్పడం వేసింది. పోయేదాన్ని కదా, అందుకే జాలి పడుతోందనుకున్నాను. ఇంకొక సిస్టర్ నా గది కిటికీ మంచి గాలి అని ఊరికే అంది. ఓహో, గది కూడా పంచేసుకున్నారా అని లోపల ఉడికిపోయాను. మందిరంలో నా పక్కన కూర్చునే సిస్టర్ ఈ మధ్య మరీ దగ్గరికి జరిగి కూర్చుంటోంది, ఆగాల్సిన చోట ఆమె మోచెయ్యి నాకు తగులుతోంది. దానికి కూడా చిరాకు పడ్డాను. అదేమిటో అప్పుడు ఆలోచించే స్థితిలో లేను.

ఈస్టర్ అయ్యాక అవ్వను చూడటానికి సిరిసిల్ల పోయాను, అమ్మను మేం అవ్వ అనే పిలుస్తాం. అవ్వ మా తమ్ముడి దగ్గరే ఉంటుంది. ఇంటి కింద షెడ్డులో వాడి సాంచాలు నడుస్తుంటాయి. వద్దన్నా వినకుండా ఇప్పటికీ ఆమె అక్కడ కూర్చుని నూలు కండెలు చుడుతుంది. నేను పోయేసరికి సాంచాలన్నీ ఆడుతున్నాయి. ఆ చప్పుడులో ఎవరు అరిచినా వినపడదు, అందుకే ఎవరూ అరవరు. అవ్వ నన్ను చూసి లేచి వచ్చి, జబ్బ పట్టుకుంది. గదవ పట్టి ముఖం తన వైపు తిప్పుకుంది. గొంతు లేకుండా, పెదవులు పెద్దగా కదిలిస్తూ, ఎప్పుడొచ్చినవ్, తిన్నవా, గింత గనం చిక్కినవేంది అని అడిగింది. నేనూ అట్లాగే పెదవులతోనే జవాబు చెప్పాను. ఎండ సంగతి, తమ్ముడి పిల్లల సంగతి, పక్కింటి పెళ్ళి సంగతి, అన్నీ మాట్లాడుకున్నాం.

కొంతసేపటికి నాకు తట్టింది. ఇన్ని రోజుల్లో ఒక్క మాట కూడా పోకుండా ఒక మనిషితో మాట్లాడింది ఇదే మొదలు, అదీ ఊళ్ళోకెల్లా పెద్ద చప్పుడున్న చోట. మేం పుట్టినప్పటి నుంచి మాటలు నేర్చుకున్నది ఇట్లాగే. తట్టి, ముఖం తిప్పుకుని, పెదవులు చూసి. కరెంటు పోయి సాంచాలు ఆగినా మాకు అదే అలవాటు. కాన్వెంట్‌లో చేరాక నాకు మొట్టమొదట మాన్పించింది కూడా అదే. మనుషులను అట్లా పట్టుకోకూడదు, ముఖంలోకి గుచ్చి చూడకూడదు, కళ్ళు దించుకుని మాట్లాడాలి. బుద్ధిగా మానేశాను. కళ్ళు దించుకున్న చోట నాకు మిగిలింది చెవులే, ఇప్పుడవి పోతున్నాయి.

నాకు ఏడుపొచ్చింది. అవ్వ చేతిలో కండె పక్కన పెట్టి, ఏమైందని అడిగింది. ఎవరికీ చెప్పని సంగతి ఆ షెడ్డులో, అంతమంది మధ్యన, గొంతు లేకుండా మొత్తం చెప్పేశాను. చెవులు, పాటలు, మదర్ అడిగింది, నేను ఒప్పుకున్నది. అవ్వ ముఖం తెల్లబోయింది. నన్ను బయటికి, వేపచెట్టు కిందికి తీసుకుపోయింది. ఆమె మాటకు ముందు కన్నీళ్ళు వచ్చాయి.

"సాంచాల నడుమ నీకు ఊయల కట్టిన బిడ్డా. కండెలు సుట్టకుంటె ఇల్లు ఎల్లకపోయేది. నిన్ను ఆడ్నే పండవెడితి. గా చెవులు నేనే పోగొట్టిన."

అట్లా అనకవ్వా అని ఆమె చేతులు పట్టుకున్నాను. ఆ చేతులు నూలు రాసుకుని రాసుకుని గరుకెక్కి ఉన్నాయి. ఆమె మీద నాకు ఒక్కనాడూ కోపం రాలేదు. కళ్ళు తుడుచుకుని ఆమే మళ్ళీ నా ముఖం తన వైపు తిప్పుకుంది. ఈసారి కోపంగా ఉంది.

"మీ బాపునే ఎదిరిచ్చి పోయినవ్ గదా. ఇనరాలే, మల్ల జెప్పమని గా మదర్ను అడుగుడుకు నీకేం భయం?"

షెడ్డులో రోజూ అందరూ అడిగే మాట అది, మల్ల జెప్పు అని. అక్కడ దానికి సిగ్గు లేదు. నేను మాత్రం దాన్ని పెద్ద పాపం చేసి మోస్తున్నాను. కరీంనగర్ బస్సులో దారి పొడుగునా కండక్టర్ పెదవులే చూస్తూ కూర్చున్నాను, అతను నన్ను చూసి తికమకపడి టికెట్ రెండుసార్లు అడిగాడు.

మా ఇంట్లో ఒక పెద్ద సిస్టర్ వ్రతం పట్టి యాభై ఏళ్ళు నిండిన జూబిలీకి మదర్ మళ్ళీ వచ్చారు. పూజ అయింది, భోజనాలకు బల్లలు సర్దుతున్నారు. ఒక్క మాట మాట్లాడాలని అడిగితే పార్లర్‌కు రమ్మన్నారు. ఈసారి నేనే ఫ్యాను ఆపేశాను. నేనే ఆమె కుర్చీ కిటికీ వెలుగుకు ఎదురుగా వేశాను. మదర్ ఆశ్చర్యంగా చూసి కూర్చున్నారు. నిలబడే చెప్పాను.

"మదర్, ఆ రోజు మీరు అడిగింది నాకు వినపడలేదు. వినపడకుండానే ఒప్పుకున్నాను. నేను దేనికి ఒప్పుకున్నానో చెప్పండి."

ఆమె నోటికి అడ్డం పెట్టుకోబోయిన చెయ్యి మధ్యలోనే ఆగిపోయింది.

"చెవులు సరిగా వినపడటం లేదట, ఆదిలాబాద్‌లో ఒంటరిగా తిరగడం ఇబ్బంది కాదా, వినపడుతోందా లేదా నిజం చెప్పు అని అడిగాను. మీ ఇష్టమే మదర్, సంతోషంగా అన్నావు."

నవ్వాలో ఏడవాలో తెలియలేదు నాకు. వినపడుతోందా అని అడిగితే అది కూడా వినకుండా సంతోషంగా అన్నాను. ఎవరు చెప్పారని అడిగాను. అందరూ చెప్పారట. తపస్సు కాలంలో ఆ మొదటి ఉదయం నుంచే ఇల్లంతా ఎరుగుదురట. నా పక్క సిస్టర్ ఆగాల్సిన చోటల్లా మోచేత్తో నన్ను ఎందుకు తాకుతోందో అప్పుడు తలకెక్కింది. ఆమె మీద నేను విసుక్కున్నది గుర్తొచ్చి తల కొట్టేసినట్టయింది. నేను దాస్తున్నానని తెలిసి, తమకు తెలుసన్న సంగతి వాళ్ళూ నా దగ్గర దాచారు.

మదర్ చెప్పడం ఇంకా అయిపోలేదు. వినపడటం లేదని, ఇక ఎక్కడికి పంపినా మీ ఇష్టమేనని నేను ఒప్పుకున్నట్టే ఆ రోజు నా జవాబును మదర్ తీసుకున్నారు. మామిడి చెట్ల ఇంట్లో నాకు గది కూడా చూడమని చెప్పారు, మే నెలలో పోవాలి. ఆమె ఇది చెబుతున్నంతసేపూ నేను ఆమె పెదవులే చూస్తున్నాను. ఒక్క మాట పోలేదు, పోయినా బాగుండేది.

ముప్పై ఏళ్ళలో ఎన్నడూ నా కోసం ఏదీ అడగనిదాన్ని, ఆ రోజు అడిగాను. ఫోన్లో ఉన్న పాటలు ఇక నా చెవులకు అందవని చెప్పాను. కానీ ఆ ఆడవాళ్ళు ఉన్నారు. ఎదురుగా కూర్చుని వాళ్ళ ముఖాలు చూస్తూ మళ్ళీ పాడించుకుంటే ప్రతి మాటా పట్టుకోగలను, మా అవ్వ దగ్గర పుట్టినప్పుడే నేర్చుకున్న విద్య అది. పోయినసారి ఆ చేన్ల నుంచి బయలుదేరుతుంటే ఒకామె నా కొంగు పట్టుకుని, మల్ల ఎప్పుడొస్తవ్ సిస్టరమ్మా, ఇంకా శానున్నయ్ అని అడిగింది. పత్తి ఏరే రోజుల్లో నన్ను అక్కడ ఉండనివ్వండి, ఆ తర్వాత మీరెక్కడికి పొమ్మంటే అక్కడికి పోతాను అన్నాను. ఈసారి వినే అంటున్నాను అని కూడా అన్నాను.

మదర్ తల వంచారు. చెయ్యి మళ్ళీ నోటికి అడ్డం పోయింది. వేళ్ళ వెనక నుంచి ఏదో అన్నారు. నాకు ఒక్క ముక్క అందలేదు. ఆ క్షణంలో ఎంత భయం వేసిందో చెప్పలేను, ఎందుకంటే నా బతుకంతా ఆ వేళ్ళ వెనకే ఉంది. సంతోషంగా అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది.

మింగేశాను. ముందుకు పోయి ఆమె జబ్బ పట్టుకున్నాను. రెండో చేత్తో ఆమె చెయ్యి పట్టి నోటి మీద నుంచి తీశాను. మా సభలో ఎవరూ ఎవరినీ అట్లా పట్టుకోరు, అందులోనూ మదర్‌ను.

"వినపడలేదు మదర్. నన్ను చూసి మళ్ళీ చెప్పండి."

ఆమె కళ్ళు పెద్దవయ్యాయి. నా ముఖంలోకి చూశారు. మెత్తటి ఆ మనిషి, ఊపిరంతా కూడదీసుకుని ఒక్క కేక పెట్టారు.

"ఆదిలాబాద్ వెళ్ళు అన్నాను! ఈ ఒక్క పంటకే! ముందు చెవి మిషన్ కొనుక్కో!"

భోజనాల గదిలో సర్దుతున్న చేతులు ఆగిపోయాయి. వంట చూసే సిస్టర్ గరిటె పట్టుకుని గుమ్మంలోకి వచ్చింది, ఆమె వెనక నా పక్క సిస్టర్, ఆ వెనక మిగతా అందరూ. ఇన్నాళ్ళూ నేను దాచింది ఇల్లంతటికీ వినపడింది. నాకు కూడా వినపడింది.